కట్టె పట్టి చూపేవాళ్లు

ఇటలీలో గైడుగా నిలబడాలంటే పరీక్ష పాసై లైసెన్సు తెచ్చుకోవాలి. చరిత్ర తెలియాలి, శిల్పం తెలియాలి, బొమ్మలు వేసిన తీరు తెలియాలి, వచ్చినవాళ్ల భాష రావాలి. నాలుగు ముక్కలు బట్టీపట్టి గుంపుకు ముందు నడిస్తే సరిపోయే పని కాదది. ఫ్లోరెన్స్‌లో మమ్మల్ని నడిపించినావిడ మెడలో ఆ కార్డు వేలాడుతూ ఉండేది. యాభై దాటిన మనిషి. చేతిలో మడిచిన ఎర్ర గొడుగు. ఎండ కాసినా తుంపర పడినా ఆ గొడుగు విప్పింది లేదు. పైకెత్తితే మేం ఆమె దగ్గరికి రావాలి, ముందుకు చాపితే అటు చూడాలి.

మా పెద్దబ్బాయి మిలాన్‌లో ఉద్యోగం చేస్తున్నాడు. వాడి దగ్గరికి వెళ్లినప్పుడు నన్నూ వాళ్లమ్మనూ రైలెక్కించి ఫ్లోరెన్స్ తీసుకెళ్లాడు. "నాయినా, ఊకె తిరిగితే అన్ని చర్చిలు ఒక్కతీరుగనే కనపడతయి. చెప్పేటోళ్లు ఉండాలె," అని గైడును మాట్లాడింది వాడే. నేను రాయికోడ్ చుట్టుపక్కల బళ్లలో సాంఘికశాస్త్రం చెప్పి రిటైరైనవాణ్ని. రినైజాన్సు అనే పాఠం ఏళ్ల తరబడి చెప్పాను. పుస్తకంలో తపాలా బిళ్లంత ఉండే బొమ్మలను పిల్లలకు చూపించి, ఇవి గొప్పవి, రాసుకోండి అన్నాను. ఎందుకు గొప్పవో ఒక బొమ్మ ముందు నిలబెట్టి నాకు చెప్పినవాళ్లు అప్పటిదాకా ఎవరూ లేరు.

డేవిడ్ విగ్రహం చూశాం. ఐదు మీటర్ల పైన ఎత్తు, 1504 నాటికి మైకెలాంజెలో పూర్తి చేసింది, ఎండావానల్లో పాడవుతోందని 1873లో చౌరస్తా నుంచి లోపలికి చేర్చింది. దాని ముందు జనం ఫోన్లు ఎత్తిపట్టి నిలబడ్డారు. మా గైడు అక్కడ ఎక్కువ మాట్లాడలేదు. ఉఫీజీలో బొత్తిచెల్లి వేసిన వీనస్ దగ్గరా అంతే, చెప్పవలసింది చెప్పి కదిలించింది. ఆవిడ మనసు ఎక్కడుందో ఆర్నో నది దాటాక తెలిసింది. అవతలి ఒడ్డున సాంతా మరియా దెల్ కార్మినె అని ఒక చర్చి. బయటి నుంచి చూస్తే గరుకు రాళ్ల గోడ. లోపల ఒక పక్కన బ్రాంకాచ్చి ప్రార్థనా మందిరం. ఆ గది చిన్నది, ఒక్కో జట్టును లెక్కపెట్టి లోపలికి వదులుతారు.

ఆ మందిరానికి డబ్బు పెట్టిన ఫెలీచె బ్రాంకాచ్చి పట్టు వ్యాపారి. ఆ మాట వినగానే మాకు ఆ గోడలతో ఏదో చుట్టరికం కలిసినట్టయింది, మేము పద్మశాలీలం కదా. 1420లలో మసోలినో అనే పెద్ద చిత్రకారుడూ, మసాచ్చో అనే కుర్రవాడూ కలిసి పని మొదలుపెట్టారు. మసాచ్చో 1428లో రోములో చనిపోయాడు. అప్పటికి ముప్పై కూడా నిండలేదు. మిగిలిన గోడలను అర్ధశతాబ్దం తర్వాత ఫిలిప్పీనో లిప్పి అనే ఇంకో చిత్రకారుడు పూర్తి చేశాడు.

ఎడమవైపు పైగోడ మీద మసాచ్చో వేసిన పెద్ద బొమ్మ ఉంది. మధ్యలో ఏసు, చుట్టూ శిష్యులు. పొట్టి అంగీ తొడుక్కున్న ఒకడు మనకు వీపు చూపిస్తూ చేయి చాపి పన్ను అడుగుతున్నాడు. గైడు గొడుగు ముందుకు చాపి, "కథ ఎక్కడ మొదలవుతుంది?" అని అడిగింది. గుంపులో అందరూ ఎడమవైపు చూశారు. పుస్తకం అలాగే చదువుతాం కాబట్టి. మా అబ్బాయి ఆ ప్రశ్నను తెలుగు చేసి వాళ్లమ్మకు చెప్పాడు. ఆమె కాసేపు చూసి, "నడిమిట్ల నుంచి," అంది. "ఆ ముసలాయన్ను చూడు. పసుపుపచ్చ శాలువా. నడిమిట్ల ఉన్నడు, ఆ మూలకు నీళ్ల కాడ ఉన్నడు, ఈ మూలకు పైసలు ఇస్తున్నడు. ముగ్గురు కాదు, ఒక్కడే. నీళ్ల కాడ శాలువా విప్పి పక్కన పెట్టిండు, అంతే."

అబ్బాయి అది ఇంగ్లీషులో చెప్పగానే గైడు గొడుగు దించి మా ఆవిడ వైపు తిరిగింది. ఏసు మధ్యలో నిలబడి పీటరుతో అంటున్నాడు, చెరువుకు వెళ్లి చేపను పట్టు, దాని నోట్లో నాణెం ఉంటుంది, తీసి పన్ను కట్టు అని. ఎడమ మూల పీటరు వంగి చేప నోరు తెరుస్తున్నాడు. కుడి మూల అదే పీటరు ఆ నాణెం పన్నువాడి చేతిలో పెడుతున్నాడు. మధ్య నుంచి ఎడమకు, ఎడమ నుంచి కుడికి కథ నడుస్తుంది. ఒకే గోడ, ఒకే కొండలు, ఒకే వెలుతురు, మూడు వేళలు. సరిగ్గా ఆ రోజుల్లోనే, 1427లో, ఫ్లోరెన్స్ పాలకులు ఇంటింటి ఆస్తి లెక్క రాయించి పన్ను వేశారట. బొమ్మ ముందు నిలబడిన ఆనాటి ఊరివాళ్లకు పన్నువాడి చేయి ఎంత దగ్గరగా కనిపించి ఉంటుందో ఆవిడ చెబుతుంటే నేను ఆ చేతినే చూస్తూ ఉండిపోయాను.

ఎప్పుడూ బొమ్మల గ్యాలరీ మొహం చూడని మనిషికి ఆ గోడ చదవడం ఎలా వచ్చింది? మా ఆవిడ పుట్టిల్లు జోగిపేట వైపు. వాళ్ల సాలోళ్ల వాడకు ఆమె చిన్నతనంలో కూనపులివాళ్లు వచ్చేవారు. పద్మశాలీలకు కూనపులివాళ్లు, ముదిరాజులకు కాకిపడగలవాళ్లు, మాదిగలకు డక్కలివాళ్లు, గౌడులకు గౌడజెట్టీలు, ఇలా తెలంగాణలో ఒక్కో కులానికి దాని పురాణాన్ని పటం పట్టి చెప్పే జట్టు ఒకటి ఉండేది. రాత్రి భోజనాలయ్యాక రెండు గుంజలు పాతి, చుట్టిన పటాన్ని వాటికి కట్టి, పైనుంచి ఒక్కో గడి విప్పుకుంటూ వచ్చేవారు. ఎర్రటి నేల మీద భావనాఋషి, భద్రావతి, పెద్దపులి, రాక్షసుడు. హార్మోనియం, మద్దెల, తాళాలు. పెద్ద కథకుడు చేతికట్టెతో బొమ్మను తాకుతూ పాడేవాడు. ఒక గడిలో భావనాఋషి పుడతాడు, దాని కిందే పెళ్లి కొడుకవుతాడు, ఆ పక్కనే పులి మీద ఎక్కుతాడు. అంతమందీ ఒక్కడేనని పిల్లలకు ఎవరూ చెప్పనక్కర్లేదు. బట్ట రంగు, కిరీటం గుర్తు చాలు. మా ఆవిడ మసాచ్చోను చదివింది ఆ చదువుతోనే.

"ఈమె మన కూనపులోళ్ల లెక్కనే చెప్తుంది గదా," అంది బయటికొచ్చాక. "కట్టెకు బదులు గొడుగు."

ఆ పటాలు వేసేవాళ్లు నకాషీలు. ఇప్పటి సిద్దిపేట జిల్లాలోని చేర్యాల పేరుతో ఆ బొమ్మలకు దేశంలో గుర్తింపు వచ్చింది. ఖద్దరు గుడ్డకు సుద్దమట్టి, చింతగింజల గంజి, చెట్టుబంక కలిపి పూత పూస్తారు. ఆరనిచ్చి మళ్లీ పూస్తారు. ఆ పూత మీద గీత గీసి రంగు నింపుతారు. ఫ్లోరెన్స్ గోడ పద్ధతి వేరు. తడి సున్నపు గచ్చు మీద రంగు పెట్టాలి, గచ్చు ఆరేలోపు పని ముగియాలి, ఆరితే రంగు గోడలో కలిసిపోతుంది. అందుకని ఒక రోజులో ఎంత వేయగలరో అంతమేరకే గచ్చు పూస్తారు. ఆ రోజుకూ మరుసటి రోజుకూ మధ్య సన్నటి అతుకు ఉంటుంది. గైడు ఒక అపొస్తలుడి భుజం పక్కన ఆ అతుకు చూపించింది. దసరాకు సున్నం వేసిన మా ఇంటి గోడల మీద, సాయంత్రం పని ఆపి మర్నాడు మొదలుపెట్టిన చోట కనిపించే గీత వంటిదే. ఆ గీత చూశాక ఆరువందల ఏళ్ల కిందటి ఒక సాయంత్రం, గిన్నెలు కడుక్కుని ఇంటికి బయలుదేరిన కుర్రవాడు కళ్లకు కట్టాడు. నేను బడిలో చెప్పిన పాఠంలో ఆ కుర్రవాడు లేడు.

పక్క గోడ మీద ఏదెను తోట నుంచి ఆదామునూ అవ్వనూ వెళ్లగొట్టిన బొమ్మ ఉంది. అవ్వ నోరు తెరిచి ఏడుస్తోంది. 17వ శతాబ్దం చివర ఆ నగ్నత్వం బాగా లేదని వాళ్లకు ఆకులు గీయించారు. 1980లలో శుభ్రం చేసినప్పుడు మసితోపాటు ఆ ఆకులనూ తీసేశారు. మైకెలాంజెలో కుర్రతనంలో ఈ గోడల ముందే కూర్చుని బొమ్మలు గీసి నేర్చుకున్నాడు. సాటి విద్యార్థి తొర్రిజానో ఇక్కడే గొడవపడి అతని ముక్కు బద్దలు కొట్టాడు. ఆ వంకర ముక్కు అతణ్ని చూసి వేసిన చిత్రాల్లో కనిపిస్తుంది. ఇలాంటి సంగతులు గైడు ఒక్కొక్కటీ సమయం చూసి విప్పింది. అన్నీ ఒకేసారి గుమ్మరించలేదు. గడి తర్వాత గడి.

నదికి ఇవతల సాంతా క్రోచె చర్చిలో ఆమె గొంతు మారింది. 1966 నవంబరు 4న ఆర్నో పొంగి ఊరిని ముంచింది. నీళ్లు ఎంత ఎత్తున పారాయో తెలిపే పలకలు ఇప్పటికీ ఫ్లోరెన్స్ గోడల మీద ఉన్నాయి. నా తల మీదుగా ఉన్న ఒక పలకను గొడుగు మొనతో తాకి చూపించింది. చిమాబూయె 13వ శతాబ్దంలో చేసిన పెద్ద చెక్క సిలువ ఆ బురదనీళ్లలో నానిపోయింది. దాని రంగులో సగానికి పైగా రాలిపోయింది. బురదలో తేలిన రంగు పొరలను ఏరి దాచారు. ఎక్కడెక్కడి నుంచో కాలేజీ పిల్లలు వచ్చి పుస్తకాలూ బొమ్మలూ చేతుల మీద మోసి ఎండబెట్టారు. వాళ్లలో ఆమె తండ్రి కూడా ఒకడట. సిలువను బాగుచేయడానికి దాదాపు పదేళ్లు పట్టింది. పోయిన చోట కొత్త బొమ్మ వేయలేదు. సన్నటి గీతలతో ఒక మసక రంగు నింపి ఊరుకున్నారు. పోయింది పోయినట్టు కనబడాలి అన్నారట.

నేను మూసీని తలుచుకున్నాను, 1908 సెప్టెంబరు వరదను. కానీ అంతకంటే ఎక్కువగా తలుచుకున్నది పటాలను. పటం పాతబడి, గుడ్డ చివికి, రంగు రాలిపోతే కథకులు దాన్ని అటక మీద పడేయరు, అమ్మరు. పూజ చేసి పారే నీళ్లలో కలుపుతారు. మళ్లీ నకాషీకి కొత్త పటం చెబుతారు. పాతదానిలోని కథ కొత్తదానిలోకి వచ్చేస్తుంది. వాళ్లు బురదలోంచి రంగు పొరలు ఏరుకున్నారు, మనం రంగుల పటాన్నే ఏటికి ఇచ్చాం. రెండింటిలోనూ భక్తి ఉందని నేను గట్టిగా నమ్ముతాను. ఫ్లోరెన్స్ వస్తువును కాపాడి, దాన్ని చెప్పే మనుషులను పరీక్షలు పెట్టి తయారుచేసుకుంది. మనం చెప్పే మనుషులను నమ్ముకుని వస్తువును వదులుకున్నాం. ఆ మనుషులు ఉన్నన్నాళ్లూ మనకు నష్టం లేదు. కూనపులి మేళం సాలోళ్ల వాడకు రావడం మానేసిన తర్వాత మన దగ్గర వస్తువూ మిగలదు, గొంతూ మిగలదు. చేర్యాల బొమ్మలు ఇప్పుడు మాస్కులుగా, ఫోటో ఫ్రేములుగా బతుకుతున్నాయి. నకాషీలకు నాలుగు మెతుకులు దొరుకుతున్నాయి, సంతోషమే. కానీ గోడకు తగిలించిన ఆ ఒక్క గడిలో భావనాఋషి ఎక్కడి నుంచి వస్తున్నాడో, ఎక్కడికి పోతున్నాడో చెప్పేవాళ్లు ఏరి?

ఫ్లోరెన్స్‌లో ఇదంతా ఊరికే నిలబడలేదు. ఆ ఊరిని ఏలిన మెదీచి వంశంలో చివరి ఆడబిడ్డ ఆన్నా మరియా లూయీజా, పిల్లలు లేని మనిషి, 1737లో ఒక ఒప్పందం రాయించింది. తన వంశం పోగుచేసిన బొమ్మలు, విగ్రహాలు, పుస్తకాలు అన్నీ రాజ్యానికి ఇస్తాను, ఒక్కటి కూడా ఊరు దాటకూడదు అని. అవి ప్రజలకు పనికిరావాలని, వాటిని చూడటానికి పరాయి దేశస్థులు రావాలని కూడా రాసింది. ఆ రాత వల్లే రాయికోడ్ మనుషులు ఉఫీజీలో ఆ బొమ్మల ముందు నిలబడగలిగారు. మన సాలార్‌జంగ్ మ్యూజియం కథా ఇలాంటిదే. వారసులు లేకుండా 1949లో మూడో సాలార్‌జంగ్ కన్నుమూశాక, 1951లో దాన్ని జనం కోసం తెరిచారు. అందులో ముసుగు రెబెకా పాలరాతి బొమ్మ ఉంది కదా, ఇటలీ శిల్పి బెంజోని చెక్కింది. 1876లో మొదటి సాలార్‌జంగ్ ఇంగ్లండు ప్రయాణంలో రోములో ఆగి కొన్నాడు. నైజాం దివాను రోములో శిల్పి పనిచూసి మురిసిపోయిన ఆ రోజున ఆయనకు దాన్ని ఎవరు చూపించారో, ఎలా చెప్పారో అని నాకు ఎప్పుడూ అనిపిస్తుంది. చెప్పిన మనిషి గట్టివాడే అయి ఉండాలి.

ఇంటికి తిరిగొచ్చాక నాకు ఫ్లోరెన్స్ కంటే బీదర్ ఎక్కువ గుర్తొచ్చింది. రాయికోడ్ నుంచి జహీరాబాద్ మీదుగా పూట గడవకముందే చేరే ఊరు. పెళ్లి బట్టలకూ ఆసుపత్రులకూ పోయి వస్తుంటాం. ఊరికి తూర్పున అష్టూరులో బహమనీ సుల్తానుల సమాధులు వరుసగా ఉన్నాయి. వాటిలో అహ్మద్ షా వలీది పెద్దది. ఆయన 1436లో పోయాడు. అదే ఏడాది ఫ్లోరెన్స్ పెద్ద చర్చి మీద, బ్రునెలెస్కి అనే వాస్తుశిల్పి కింది నుంచి కొయ్య ఆసరా లేకుండా లేపిన ఇటుకల గుమ్మటం పూర్తయింది. బయటి నుంచి చూస్తే అష్టూరు గుమ్మటం మసిబారిన సున్నపు దిబ్బలా ఉంటుంది. లోపల చీకటి. అక్కడ కాపలా ఉన్న పెద్దాయన తలుపు దగ్గర ఎండలో నిలబడి ఒక అద్దం తిప్పాడు. వెలుగు ముద్ద ఒకటి గోడ ఎక్కి గుమ్మటం లోపలికి పాకింది. సిందూరం, బంగారం, నీలం, తీగలు, పూలు, అరబ్బీ రాతలు. "ఇధర్ దేఖో సాబ్," అంటూ వెలుగును ఒక్కో రాత మీద ఆపుతూ, అది ఏ రాతో, ఎవరి పేరో చెప్పుకొచ్చాడు. సుల్తాను చనిపోయిన రోజున ఏటా జాతర జరుగుతుందని, కలబురగి వైపు నుంచి జంగమయ్య వచ్చి శంఖం ఊదుతాడని, లింగాయతులు ఆ సుల్తానును అల్లమప్రభువుగా కొలుస్తారని చెప్పాడు. ఆ పెద్దాయనకు పరీక్ష లేదు, కార్డు లేదు. అద్దం ఉంది. నేను ఫ్లోరెన్స్‌లో చూసిన ఏ గైడుకూ ఆయన తీసిపోడు. ఆయన చెప్పేదాన్ని పట్టించుకుని రాసుకునేవాళ్లు, ఆయన తర్వాత ఆ అద్దం అందుకునేవాళ్లు ఉండాలి. అది ప్రభుత్వం చూసుకోవాల్సిన పని, మనం అడగాల్సిన పని.

మా ఊళ్లో భద్రకాళీ వీరభద్రుడి గుడి ఉంది. వీరభద్రుడి పక్కన మేకతల దక్షుడు ఎందుకు నిలబడతాడో మా తరం పిల్లలందరికీ తెలుసు. జంగమయ్యలు చెప్పేవారు, నాయనమ్మలు చెప్పేవారు. ఇప్పటి పిల్లలు దండం పెట్టి, కొబ్బరిముక్క తిని వచ్చేస్తారు. వాళ్ల తప్పు కాదు. విగ్రహం ముందు వాళ్లను ఎవరైనా నిలబెడితే కదా.

అందుకని హైస్కూలు పిల్లలను కొందరిని వెంటబెట్టుకుని బీదర్ పోయాం. వాళ్ల సారు, నేను, మా ఆవిడ. 1472లో మహమూద్ గవాన్ కట్టించిన మదరసా ముందు నిలబెట్టాను. రెండు మినార్లు ఉండాల్సిన చోట ఒక్కటే ఉంది. దాని మీద అక్కడక్కడ పచ్చ, నీలం, తెలుపు పలకలు మిగిలాయి. ఔరంగజేబు కాలంలో లోపల దాచిన మందుగుండు పేలి సగం కూలిపోయింది. అప్పటికే పిల్లలు నీడ వెతుక్కుంటున్నారు. గవాన్ సంగతి ఎత్తుకున్నాక నిలబడ్డారు. ఇరాన్‌లోని గీలాన్ నుంచి వచ్చి బహమనీ రాజ్యానికి ప్రధానమంత్రి అయినవాడు, మూడువేల పుస్తకాల గ్రంథాలయం పెట్టినవాడు, డెబ్బై దాటిన మనిషి. గిట్టనివాళ్లు ఆయన ముద్రలు కాపాడే సేవకుడిని మచ్చిక చేసుకుని, తెల్లకాగితం మీద ముద్ర వేయించి, ఒరిస్సా రాజును దండెత్తి రమ్మని పిలిచినట్టు దొంగ ఉత్తరం రాశారు. తాగి ఉన్న సుల్తాను విచారించకుండా తల తీయించాడు. 1481 ఏప్రిల్, కొండపల్లిలో. బొమ్మల కొండపల్లే. అంతకు మూడేళ్ల ముందు ఫ్లోరెన్స్‌లో, అదే బ్రునెలెస్కి గుమ్మటం కింద, పూజ జరుగుతుండగా మెదీచి అన్నదమ్ముల మీద కత్తులు దూశారని, తమ్ముడు జూలియానో చనిపోయాడని, అన్న లొరెంజో బతికాడని కూడా చెప్పాను. ఆ అన్న బతకడం వల్ల ఆ ఊరు ఇంకా కొన్నాళ్లు వెలిగింది. గవాన్ పోయిన ఏడాదికే సుల్తానూ పోయాడు, రాజ్యం ఐదు ముక్కలయ్యే దారి పట్టింది.

"సార్, మరి దొంగ ఉత్తరం రాసినోళ్లకు ఏమైంది?" అని తొమ్మిదో తరగతి పిల్ల ఒకతె అడిగింది.

వాళ్లలో పెద్ద మలిక్ హసన్. గవాన్ కుర్చీలో తనే కూర్చున్నాడు. ఐదేళ్లకు, 1486లో, ఈ బీదర్‌లోనే అతణ్నీ చంపేశారు. అతని కొడుకే అహ్మద్‌నగర్ రాజ్యం పెట్టాడు. ఇది చెప్పేసరికి పిల్లలు రెండు జట్లయ్యారు. ముద్రలు కాపాడేవాడిది తప్పని కొందరు, విచారించకుండా ముద్రను నమ్మిన సుల్తానుది తప్పని కొందరు. మదరసా నుంచి చౌబారా బురుజు దాకా వీధంతా అదే వాదన. బురుజు దగ్గర మా ఆవిడ వాళ్లను ఆపి, పనిలో పనిగా కథను పంచిపెట్టింది. వెనుక వచ్చే ఎనిమిదో తరగతి వాళ్లకు ముద్ర సంగతి నువ్వు చెప్పు, కొండపల్లి నువ్వు చెప్పు, పేలుడు నువ్వు చెప్పు అని. ఆ ప్రశ్న అడిగిన పిల్ల తనకు మలిక్ హసన్ కావాలని పట్టుబట్టింది, ఇంకో పిల్లవాడు తన వంతు ఇవ్వనన్నాడు, అద్దం పెద్దాయన దగ్గరికి అష్టూరు వెళ్లేదాకా ఆ పంపకం తెగలేదు.